దొరసాని ఆటకి తప్పెట

ఓలమ్మ! అలా ఎల్లిపోతావేటి, దొరసానమ్మా? గంగమ్మ తల్లికి దండం ఎట్టి, తప్పెట గుండెకి ఆనించి, ఇంకా సెయ్యి ఎత్తనేదు... నీ ఆట అయిపోనాది! నలబై సెకన్లకే మాయమైపోతే నాను ఎవరికి కొట్టాలి, ఆ ఉత్త తెరకా?

అదిగో, మళ్ళీ వొచ్చినావు. రాజేంద్ర బాబు కంప్యూటర్లో నిన్ను తిప్పి తిప్పి ఆడమని ఎట్టీసి, ఈ ఆట ఏర్పాటు సేసిన హేమ మేడంతో టీకి ఎల్లినాడు. నూటపాతికేళ్ళ కిందటి మూగ సినిమావంట నువ్వు. టెక్కలి కాలేజీలో ఈ సాయంత్రం జనానికి సూపిత్తారంట. దానికి తప్పెట కొట్టమని రావివలస నుంచి నన్ను పిలిసినారు. నాను నీలకంఠాన్నమ్మా.

ఇందాక సూసినావు గదా? నా దండం అవకముందే నువ్వు ఎల్లిపోతే మేడం నవ్వీసి, "పోనీలే తాతా, ఏదో మ్యూజిక్ ఎట్టుకుంటాం" అనీసింది. మ్యూజిక్కంట! నలబయ్యేళ్ళు కొట్టిన సెయ్యమ్మా ఇది. సాయంత్రం మా ఇంటిది అప్పలమ్మ ముందు వరసలో కూకుంటది. ఏడేళ్ళయి నా తప్పెట ఇన్నేదు. ఆవిడకేటి సెప్పమంటావు?

అందుకే దండం ముందే ఎట్టీసినాను. తల్లి ఏటీ అనుకోదులే.

రా, ఇప్పుడు తిప్పు గౌను! అబ్బ, ఏం తిరుగుడమ్మా, గాలికి తెరసాప లేసినట్టు! సెయ్యెత్తినావా, ఇదిగో పెద్ద దెబ్బ. ఒంగినావా, ఇదిగో సన్న దెబ్బ. ఎనక్కి తిరిగినావా... దెబ్బ సరిగ్గా పడింది! పడిందమ్మా! ఎంటికంత సందు నేదు. సూడు, మూడోసారీ పడింది!

ఏటి, నవ్వుతున్నావా? నవ్వు. నీకొకటి సెప్తాను, ఇంతవరకూ ఎవరికీ సెప్పనేదు.

మోకాళ్ళ నొప్పులని ఆట మానీసినానని ఊరందరికీ సెప్పినాను. అబద్ధం. మోకాళ్ళు రాళ్ళలాగున్నాయి. పోనవి సెవులు. ఎదురుగా ఒకలు మాటాడితే పెదాలు సూసి అందుకుంటాను. పది తప్పెట్లు ఒక్కసారి మోగితే సముద్రం హోరే, ఎవుడి దెబ్బ ఎక్కడుందో తెలీదు. గంగమ్మ పండగలో తాళం తప్పీసినాను. నా మూలంగా జట్టంతా ఆగిపోనాది. ఆ సిగ్గుతో తప్పెట అటకెక్కించీసినాను. పిలిత్తే పలకనని అప్పలమ్మ రోజూ తిడతాది. పొగరనుకుంటది పాపం. సెవుడనడం కంటే పొగరే నయం గదేటి?

నీ ఆటకైతే సెవులక్కర్లేదు. కళ్ళు సాలు. ఏడేళ్ళకి మళ్ళీ నా గుండె మీద తప్పెట మోగిందమ్మా, నీ పున్నెమాని!

అదిగో, టీ తాగీసి వొత్తన్నారు. ఈ సెవుల సంగతి ఎవరికీ సెప్పకే తల్లీ.

అయినా, నువ్వెవరికి సెప్తావులే!