మేడ మీది ఆపిల్

ఇరాక్‌లోని ఎర్బిల్‌లో నర్సుగా పనిచేసే కూతురికి నిన్న అక్కడే ఒక కుర్దు అబ్బాయితో పెళ్ళయింది. వీసా రాక ఏలూరులోనే ఉండిపోయిన తల్లి, తివాచీ మగ్గం పక్కన కూర్చుని పెళ్ళి వీడియో చూసింది. వెంటనే వీడియో కాల్ చేసింది.

"నిజం చెప్పవే. మీ ఆయన నిన్ను కొట్టాడా?"

"కొట్టడమేంటమ్మీ?"

"మేడెక్కి నీ నెత్తిమీదకి ఆపిల్‌కాయ విసిరాడుగా!"

"అదా! ఇక్కడ పాత ఆచారం. పెళ్ళికూతురు గుమ్మం దగ్గరికి రాగానే పెళ్ళికొడుకు పైనుంచి ఆపిల్ వేస్తాడు. పిల్లాపాపలతో చల్లగా ఉండాలని."

"దీవించడానికి పూలు దొరకలేదా? పైగా అందరూ చప్పట్లు! నువ్వేమో తల పట్టుకున్నావు."

"జారుతున్న ముసుగు పట్టుకున్నా. కాయ భుజానికి తగిలింది. ఆయన గురి అంతంతమాత్రం."

"నొప్పి పుట్టలేదూ?"

"నవ్వొచ్చింది. సరిగ్గా చూడు."

"ఏమో తల్లీ, నాకంతా అయోమయంగా ఉంది. ఏదీ, మీ అత్తగారిని చూపించు."

తళుకుల గౌనులో ఒక పెద్దావిడ తెరమీదకొచ్చి నవ్వింది. ఆ నవ్వు చూశాక తల్లి మనసు కాస్త కుదుటపడింది. రెండు చేతులూ తెర దగ్గరికి చాచి, తన కణతలకు ఆనించుకుని, పటపటా మెటికలు విరిచింది. పెద్దావిడ నవ్వు మాయమైంది. గబుక్కున పక్కకి తప్పుకుంది.

"అమ్మీ, ఆవిడ హడలిపోయింది! మీ అమ్మకి నామీద కోపమా, వేళ్ళు విరిచేసుకుంటోందేంటి అని అడుగుతోంది."

"అయ్యో, దిష్టి తీశానే!"

"దిష్టంటే ఏంటో ఆవిడకి ఎలా చెప్పను?"

"మా ఊళ్ళో ఆపిల్ ఇదేనని చెప్పు."