గీతకు జానెడు దూరంల

సభకు పెద్దగ కూసున్న ప్రిన్సిపాల్ కరుణశ్రీ మేడమ్‌కు, ఇయ్యాల రిటైర్ అయితున్న మన ఆటల సార్ దయానంద్ సార్‌కు, ఆర్మూర్ పెద్దమనుషులకు, టీమ్‌ల ఉన్న ఇరవై రెండు మంది ఆడపిల్లలకు, ముందు వరుసల కూసొని ‘జల్ది ముగియ్యి’ అని సైగ జేస్తున్న నా పెండ్లాం సత్తవ్వకు, అందరికి శనార్తులు. నేను లింగన్న. పసుపు మార్కెట్ల నలభై ఏండ్లు హమాలి పని జేసిన. సదువు నాలుగో తరగతి కాడ ఆగింది. మా పంతులు పాపం మస్తు అలిసిపోయిండు, జర ఆరాం జెయ్యనీ అని నేనే బంద్ జేసిన. (నవ్వులు)

ఇప్పుడే స్టేజీ ఎక్కంగ సార్ కాలు తొక్కిన. వంగి, తాకి, కండ్లకద్దుకున్న. ‘తాతకు కండ్లు కనవడుతలేవు’ అని ఎనుక నుంచి ఎవలో అన్నరు. మా గల్లి ముఖేష్ గొంతే గదా? ఉండు బిడ్డా, నీ సంగతి ఆఖర్ల జెప్త.

గీ ఆట ఎర్క లేనోళ్ల కోసం రెండు ముచ్చట్లు. పేరు అమెరికన్ ఫుట్‌బాల్, గని కాలుతోని తన్నుడు తక్కువ. బాల్ ఉబ్బిన పసుపు కొమ్ము లెక్కుంటది. దాన్ని సంకల వెట్టుకొని ఉరకాలె. ఎదుటోళ్లు మీద వడి కూలగొడ్తరు. వాళ్ల ఎనుక ఒక గీత ఉంటది, గది దాటితె ఆరు పాయింట్లు. సార్ రెండేండ్ల కింద దీన్ని ఫోన్‌ల జూసి నేర్చుకొని మన కాలేజీ ఆడపిల్లలకు మొదలువెట్టిండు. నా మనవరాలు పూర్ణిమ మొదటి దినం హెల్మెట్ వెట్టుకొని ఇంటికొస్తె, సత్తవ్వ ‘ఏ బండి మీదికెల్లి వడ్డవే’ అని ఒకటే ఏడ్పు. (నవ్వులు) నవ్వకుండ్రి, ఇంటికి పోయినంక తిట్లు వడేది నాకు.

ఈ ఏడాది మొదటి ఆటల నలభై పాయింట్లతోని ఓడిండ్రు. గాలికి పొట్టు లేసినట్టు లేసి వడ్డరు. తెల్లారి సార్ మార్కెట్‌కు వచ్చిండు. గంత సదువుకున్న మనిషి, నా ముంగట నిలవడి, ‘లింగన్నా, గంత బరువు కింద మీరు కూలరు గదా, ఎట్ల? నా పిల్లలకు జర నేర్పు’ అన్నడు. నన్ను ఏదన్న నేర్పుమని ఒకలు అడుగుడు నా జన్మల గదే మొదలు.

నేర్పిన. నడుము గాదు, మోకాళ్లు వంచుండ్రి, ముందుగాల భుజం కింద దూరాలె, తొడల బలంతోని లేవాలె అని నెల దినాలు పసుపు సంచులు మోపిచ్చిన. ఆలూర్ నుంచి వచ్చే దివ్యశ్రీ సంచిని జూసి ‘తాతా, దీనికి చక్రాల్లేవా’ అన్నది. గా పిల్లనే తర్వాతి ఆటల ఒక్క భుజంతోని ఇద్దర్ని ఎనుకకు నూకింది! వరుసగ నాలుగు ఆటలు గెలిచిండ్రు. నలభై ఏండ్లు నా ఒంట్లె ఏమున్నదో నాకే ఎర్క లేకుండె, గా పిల్లల ఒంట్లె జూసినంక ఎర్కయింది.

ఇగ ఫైనల్, హైదరాబాద్‌ల. సార్ ముప్పై ఏండ్ల నౌకరీల ఒక్క కప్పు రాలే, గిదే ఆఖరు ఏడు. నాలుగు పాయింట్లు ఎనుకవడ్డం. ఒక్కసారి ఆడేంత టైమే మిగిలింది. బాల్ పూర్ణిమ చేతికి వచ్చింది. ఉరికింది సూడుండ్రి... ముగ్గుర్ని తప్పిచ్చుకున్నది, నేను కుర్చీ ఎక్కిన, సత్తవ్వ నా అంగి వట్టి గుంజుతున్నది, గీత ఇగ జానెడు దూరం. కింద వడ్డ ఎదుటి పిల్ల చెయ్యి మీద పూర్ణిమ కాలు వడ్డది.

ఆగింది. గంత జోరు మీదున్న పిల్ల ఆగి, వంగి, గా చెయ్యి తాకి, కండ్ల ముందటి హెల్మెట్ జాలికి అద్దుకున్నది. గంతల ఎనుక నుంచి ఇద్దరు వచ్చి కూలగొట్టిండ్రు. ఆట ముగిసిందని సీటీ కొట్టిండ్రు. అయిపాయె.

(నీళ్లు తాగి)

వాపసొచ్చేటప్పుడు బస్సుల నేను ఒక్క పరాచికం సుత ఆడకుంటె, జరమొచ్చిందేమో అని సత్తవ్వ నా నొసలు ముట్టి జూసింది. కామారెడ్డి దాటినంక సార్ లేసి పూర్ణిమ కాడికి వచ్చిండు.

‘గా పిల్ల చెయ్యి ఎట్లుంది బిడ్డా?’

‘మంచిగనే ఉందట సార్, అడిగిన.’

‘మరి నువ్వేమన్న తిన్నవా?’

గంతే. కప్పు మాటే ఎత్తలే. నేను కిటికీ దిక్కు మొఖం తిప్పుకున్న.

ఇయ్యాలటికి ఇరవై దినాలు. పూర్ణిమ బాల్ ముట్టలే. ‘సార్‌ను ఖాళీ చేతులతోని పంపుతున్న, ఇగ నేను ఆడ తాతా’ అంటది. అగో, ఆఖరు వరుసల, కంబం చాటుకు కూసున్నది. ఇంట్ల ఎంత జెప్పినా ఇంటలేదు, గందుకే పదిమందిల జెప్తున్న. తప్పు నాది. నాలుగేండ్ల పిల్లప్పుడు మార్కెట్ల సంచుల మీద దుంకుకుంట, పండుకున్న హమాలి భీమన్న చెయ్యి తొక్కింది. ‘హమాలికి చెయ్యే అన్నం, తాకి కండ్లకద్దుకో’ అని నేర్పింది నేనే. ఆట నడుమ వద్దని జెప్పుడు మర్శిన. సార్, మీ కప్పు పోగొట్టింది నేను.

సార్, పిల్లలు పేర్లు రాసి మీకిచ్చిన బాల్ గా టేబుల్ మీదున్నది. నాలుగో తరగతోన్నే గని ఎంచుడొస్తది. ఇరవై ఒక్క పేర్లే ఉన్నయ్. మిగిలిన పేరు ఎవలిదో మీకు ఎర్కే. నేను ఇసిరితె లైట్లు పలుగుతయ్, మీరే ఇసురుండ్రి.

(దయానంద్ సార్ లేచి బాల్ విసిరిండు. చప్పట్లు.)

వట్టింది! చూసిండ్రా, చేతులు మర్వలే! ఎవలన్న దానికొక పెన్ను ఇయ్యుండ్రి. మంచిగ పెద్దగ రాయి బిడ్డా, సార్‌కు అద్దాల్లేకుంట కనవడాలె.

ఆఖరు మాట. నాకు డెబ్బై మూడేండ్లు, సార్ నాకంటె చిన్నోడు. పెద్దోన్ని నేను మొక్కుతనంటె సార్ మొక్కనిస్తడా, ఆమడ దూరం ఉరుకుతడు. గందుకే స్టేజీ ఎక్కంగ కావాల్నని కాలు తొక్కిన. తొక్కినంక తాకి కండ్లకద్దుకుంటె ఎవలు ఆపుతరు? నాకు కండ్లు మంచిగనే కనవడుతున్నయ్ ముఖేషూ.

ఓపిక వట్టి ఇన్నరు, మీ అందరి కడుపు సల్లగుండ. సెలవు.