కదలిక కోసం

గురజాలలో ఆ రోజు ఆ ఇంటి ఆడపడుచు కూతురికి ఓణీల ఫంక్షన్. ఇల్లంతా చుట్టాలే, వాకిట్లో మైకులో పాటల మోత. నిండు నెలల కోడలు పత్తి బస్తాల గదిలోకి పోయి నేల మీద పడుకుంది. భర్త వెతుక్కుంటా వచ్చాడు.

“ఏందే, ఇక్కడ పడుకున్నావ్? బయట అందరూ నిన్నే అడుగుతున్నారు.”

“తలుపెయ్ బావా. కాసేపు మాట్లాడబాక.”

“ఏమైంది?”

“పొద్దున్నించి బిడ్డ కదల్లేదు.”

“పొద్దున్నించా? ఇప్పుడా చెప్పేది?”

“పనుల్లో పడి నాకే తెలియలేదేమో అనుకున్నా. నిమ్మళంగా పడుకుని చూద్దామంటే, ఈ ఇంట్లో చోటేదీ?”

“ఉండు, అమ్మని పిలుస్తా.”

“వద్దు. అత్తమ్మ వస్తే వెనకాలే అందరూ వస్తారు.”

“పోనీ, ఆ మైకన్నా ఆపమని చెప్పొస్తా.”

“నన్నొదిలి పోబాక. నాకు భయంగా ఉంది.”

“పోను. లే, నరసరావుపేట ఆస్పత్రికి పోదాం. కారు తీస్తా.”

“ఒక్క నిమిషం. నీ చెయ్యి ఇక్కడ పెట్టు.”

“పెట్టా.”

“ఇదిగో, కదిలింది. తెలిసిందా?”

“లేదే. నిజంగా కదిలిందా? నాకు ధైర్యం చెప్పడానికి అంటున్నావా?”

“కదిలింది బావా, కొంచెమే. నీ చెయ్యి అంతలా వణుకుతుంటే నీకెట్టా తెలుసుద్ది? అయినా ఆస్పత్రికి పోదాం. కారు మాత్రం మీ తమ్ముణ్ణి తోలమను.”