మంగాయమ్మ గారి మూడు నిమిషాలు

ఆ ఫొటోలో నల్లకోటేసుకుని ఛాతీ విరుచుకుని నుంచున్నవాణ్ణి నేనేనోయ్ కిరీటీ, నవ్వకు. ఢిల్లీ చలికని బీసెంటు రోడ్డులో కుట్టించా. తీరా ప్రయాణం జులైలో పడింది. అయినా విప్పలేదు. ఏంటీ, నన్ను కాదా అడిగింది? పక్కనున్నావిడనా? ఆవిడ మంగాయమ్మ గారు. తొంభై రెండు నుంచి తొంభై ఎనిమిది దాకా రాజ్యసభ మెంబరు. నేను ఆవిడ పీయేని. ఫొటో చూసినవాళ్ళు నేను మెంబర్నీ, ఆవిడ మా ఊరి నుంచి ఏదో పని మీద వచ్చిన మనిషీ అనుకునేవాళ్ళు. నేనూ కాదనేవాణ్ణి కాదు.

వాళ్ళది నాగాయలంక అవతల సముద్రపు ఒడ్డు పల్లె. చేపల కుటుంబం. మొగుడి పేరు పోతురాజు. పెళ్ళైన ఐదేళ్ళకి, తుఫానుకి ముందురోజు పడవెక్కి వెళ్ళాడు. అతనూ రాలేదు, పడవా రాలేదు. ఈవిడకి ఇరవై మూడేళ్ళు. తాలూకా ఆఫీసుకెళ్ళి, నా మొగుడు పోయాడండీ, పోయినట్టు కాయితం ఇవ్వండీ అంటే, గుమాస్తా తలెత్తకుండా "శవం ఏదమ్మా?" అన్నాట్ట. లేదంటే, "అయితే ఏడేళ్ళాగి రా. ఈలోగా వస్తాడేమో" అన్నాట్ట. నువ్వు లా చదువుతున్నావుగా, ఏడేళ్ళు ఆచూకీ లేకపోతేనే మనిషి పోయినట్టు లెక్కన్న రూలు నీకు తెలుసు. ఆ ఏడేళ్ళూ ఆవిడ బొట్టు పెట్టుకుంటే అత్త ఏడ్చేది, తీసేస్తే తల్లి ఏడ్చేది. ఇది నాతో ఒక్కసారే చెప్పింది, రైల్లో, జామకాయ తింటూ. నేను ఊఁ కొడుతూ పేపరు చదువుకున్నా. అదీ నా సంస్కారం.

ఎక్కడున్నాం? ఆఁ. ఎండుచేపల గంప నెత్తిన పెట్టుకుని బెజవాడ దాకా వచ్చి అమ్మేది. తర్వాత ఆడవాళ్ళందర్నీ కూడగట్టి సంఘం పెట్టింది, జిల్లా పరిషత్తుకి నెగ్గింది. ఆ రాజ్యసభ సీటు కోసం పార్టీలో ఇద్దరు పెద్దమనుషులు కొట్టుకుంటుంటే, ఇద్దరికీ అడ్డురాని మనిషని ఈవిణ్ణి పంపారు. నోరెత్తదనుకున్నారు పాపం. ఇంగ్లీషు తెలిసిన మనిషి ఒకడు వెంట కావాలన్నారు. నేను పామర్రు హైస్కూల్లో ఇంగ్లీషు మేష్టర్ని, అప్పుడే రిటైరయ్యా. వెళ్తే, "మేష్టారూ, చేపల గురించి మీకేం తెలుసండీ?" అంది. "తినడం తెలుసండీ" అన్నా. నవ్వి రమ్మంది. నా చమత్కారానికి మెచ్చి తీసుకుందని చాలాకాలం మురిసిపోయా. ఇంకెవరూ రాలేదని తర్వాత తెలిసింది.

ఢిల్లీలో నేను హిందీ మాట్లాడితే ఆటోవాడు ఇంగ్లీషులో జవాబిచ్చేవాడు. ఈవిడ ఏ భాషా లేకుండా చేపల మార్కెట్టుకెళ్ళి, మొప్ప ఎత్తి చూసి, నిన్నటి సరుకని వేలితోనే చెప్పి, వాడిచేత లోపల దాచిన మంచి చేప తీయించేది. నేను సంచీ పట్టుకునేవాణ్ణి, ఆ కోటుతోనే.

ఆవిడ అక్కడికెళ్ళింది ఒక్క ముక్క చెప్పడానికి. సముద్రంలో పోయినవాళ్ళకి ఏడేళ్ళు ఆగక్కర్లేదు, తోటి పడవలవాళ్ళు సాక్ష్యం చెబితే ఏడాదిలో కాయితం ఇవ్వండి అని. అంతే. రెండేళ్ళు తిరిగితే మూడు నిమిషాలు దొరికాయి. "నా సంగతే చెబుతా మేష్టారూ" అంది. నేను, "అమ్మా, సొంత విషయాలు సభలో హుందాగా ఉండవండీ" అని పదకొండు పేజీల ఇంగ్లీషు ఉపన్యాసం రాశా. అదంతా తెలుగు అక్షరాల్లో దింపి ఇచ్చా. భారతదేశపు తీరరేఖతో మొదలెట్టి, సింధు నాగరికత మీదుగా... పోతురాజు ఎక్కడా లేడులే.

చెప్పొచ్చేదేంటంటే, అక్కడ తెలుగులో మాట్లాడాలంటే ముందే చీటీ ఇవ్వాలి, అనువాదం చేసే మనిషిని పెడతారు. ఆ పొద్దున, "తెలుగని చీటీ ఇచ్చారా మేష్టారూ?" అనడిగింది. "ఇచ్చానండీ" అన్నా.

ఇవ్వలేదు. ఇవ్వకపోతే నా ఇంగ్లీషే చదవాల్సొస్తుంది కదా. నా వాక్యాలు పార్లమెంటు రికార్డుకెక్కుతాయి కదా.

పైన గ్యాలరీలో తల దువ్వుకుని కూర్చున్నా. ఆవిడ లేచి, "అయ్యా, మాది సముద్రపు ఒడ్డు, నా పెనిమిటి..." అని తెలుగులో మొదలెట్టింది. కింద సభ్యులు అనువాదం వినే ఇయర్‌ఫోన్లు చెవులకి పెట్టుకున్నారు, తట్టి చూసుకున్నారు, తీసేశారు. నోటీసు లేదు, హిందీలోనో ఇంగ్లీషులోనో చెప్పమన్నారు అధ్యక్షుడి కుర్చీలోంచి. ఆవిడ ఒక్కసారి తలెత్తి గ్యాలరీ వైపు చూసింది. తర్వాత కాయితాలు విప్పి చదివింది. మధ్యలో ఒక మాట దగ్గర మూడుసార్లు తడబడింది. నేను గొప్పకని వేసిన మాట అది. రెండో పేజీలో గంట కొట్టారు. కూర్చుంది.

బయటికొచ్చాక తిడుతుందనుకున్నా. "మీ ఇంగ్లీషు బాగుందంట మేష్టారూ, పక్కసీటాయన చెప్పాడు" అంది. కొంచెం దూరం నడిచాక, "దేని గురించని అడిగాడు" అంది.

మళ్ళీ అంత టైము రాలేదు. పార్టీ ఇంకో టర్మూ ఇవ్వలేదు. పల్లెకొచ్చేసింది. ఊరుకుందా? మొగుళ్ళు కడలి పాలైన ఆడవాళ్ళని తొమ్మిదిమందిని వెంటేసుకుని సోమవారం సోమవారం బందరు కలెక్టరాఫీసుకి. నన్నూ రమ్మంది. ఆవిడ చెబితే నేను రాయడం, తెలుగులో, ఒక్కొక్కళ్ళది ఒక్క పేజీ. "మీరేం కలపకండి మేష్టారూ" అనేది. కలపలేదు. నా జన్మలో నేను రాసిన మంచి ముక్కలంటే అవే, సంతకం కూడా నాది కాదు. రెండేళ్ళకి ఒక కలెక్టరు సాక్ష్యాలు తీసుకోవడానికి ఒప్పుకున్నాడు. తొమ్మిదిమందిలో ఏడుగురికి కాయితాలొచ్చాయి. అమలమ్మ అనే అమ్మాయి ఆ కాయితం తలకిందులుగా పట్టుకుని ఎంతసేపు చూసిందో. మంగాయమ్మ గారు తిప్పి పట్టుకోమని కూడా చెప్పలేదు, పక్కన కూర్చుంది.

రెండువేల రెండులో పోయింది, షుగరు. పోయేముందు మూడుసార్లు వెళ్ళా, చీటీ సంగతి చెప్పేద్దామని. వెళ్ళినప్పుడల్లా లేవలేక లేచి పులుసు పెట్టేది. తిని, బాగుందండీ అని వచ్చేసేవాణ్ణి. ఆవిడకి తెలుసో తెలీదో. గ్యాలరీ వైపు చూసిన ఆ చూపు... ఇంతవరకూ ఎవరికీ...

వానొచ్చేట్టుంది. నీ బండి సీటు తడుస్తుంది, లోపల పెట్టుకో పో.