కోసేసిన ముక్క

1953. ఉత్తర జపాన్‌లో ఒక గని ఊరు. మధ్యాహ్నం ఆట వదిలాక, సినిమాహాలు ఆపరేటరు గది.

“ఏదయ్యా నా కూతురు? నా మకియె ఏది?”

“కూతురేంటి పెద్దమ్మా? మిఠాయికొట్టు వదిలేసి వచ్చారేంటి తొగాషి గారూ?”

“ఆ, వదిలేశా! పొట్లాల కోసం వచ్చిన పిల్లల్ని తరిమేసి, కొట్టు మూసి మరీ వచ్చా. రేవులో మొగుడి ఓడ కోసం ఎదురుచూసే ఆడది, ఆ వేషం నా కూతురిదే ఇనోకుమా. కళ్ళు కాయలు కాసేలా చూశా. రేవొచ్చింది, ఓడొచ్చింది. అది రాలేదు!”

“పాత ప్రింటమ్మా. ఊళ్ళన్నీ తిరిగి ఆఖర్న మనకొస్తుంది. ఎక్కడో తెగుంటుంది...”

“పోయిన వారం కొండవతల ఊళ్ళో మా చెల్లెలు చూసింది. చూసి ఏడ్చింది. ఆ ప్రింటు అక్కణ్ణించి నేరుగా నీ దగ్గరికే కదా వచ్చింది?”

“అదీ... అంటే...”

“ఎప్పుడూ వాగుతూనే ఉంటావు, ఇవాళ ఈ నసుగుడేంటి? చెప్పు!”

“ఓనరు కోయమన్నాడు. సినిమా పొడుగు తగ్గితే రోజుకి ఇంకో ఆట పడుతుందన్నాడు. పేరున్న తారల్ని ముట్టుకోలేం కదా. ఈవిడెవరో కొత్తమ్మాయి కదాని...”

“కొత్తమ్మాయి! మొన్న చలికాలం క్షయతో పోయిందయ్యా. ఇంట్లో ఫొటోలున్నాయి. నవ్వవు, పలకవు. అది కదిలేది, మాట్లాడేది ఇంక అక్కడొక్కచోటే.”

“నాకు తెలీదమ్మా. ఒట్టు.”

“పోనీలే. కోసిన చేతులతోనే అతికించు. ఒక్కసారి చూసి పోతా.”

“ఆ ముక్క లేదు.”

“పారేశావా?”

“లేదు. చిన్న చిన్న బిళ్ళలుగా కత్తిరించి... ఎప్పుడూ చేసేదే కదా. అమ్మేశా.”

“ఎవడికి? వాడి కాళ్ళు పట్టుకునైనా తెచ్చుకుంటా.”

“వద్దమ్మా, ఇంటికెళ్ళండి.”

“ఎవడికిరా?”

“మొన్న సంచీ తెచ్చిచ్చా కదా... విప్పితే ఏ తార బొమ్మొస్తుందో అని పిల్లలు కొనే అదృష్టం పొట్లాల్లో పెట్టడానికి, ఫిల్ము ముక్కలు. మీకే.”

“నాకా?”

“ఇంకా మిగిలుంటాయేమో, పదండి, నేనూ వస్తా, వెతుకుదాం...”

“ఏం మిగుల్తాయి? ఎగబడి కొన్నారు వెధవలు. నిన్న ఒక్కడు మాత్రం వెనక్కి తెచ్చాడు. ‘కత్తివీరుడు రాలేదవ్వా, ఎవరో ఏడుపుగొట్టు ఆడమనిషొచ్చింది, మార్చివ్వు’ అన్నాడు.”

“అయితే అదుంది కదా! ఎక్కడ పెట్టారు?”

“చూడనైనా లేదు ఇనోకుమా. పొయ్యిలో పడేశా. భగ్గుమంది.”