రాయి కింద గడ్డి

మార్కాపురం మునసబు కోర్టు అరుగు మీద ఇద్దరు కూర్చుని పిలుపు కోసం చూస్తున్నారు. హద్దు తగాదా బావది, సాక్ష్యం చెప్పాల్సింది బావమరిది.

"ఈ కొత్త జడ్జి అవతలోళ్ళకి అమ్ముడుపోయినాడురా."

"ఎట్ల చెప్తావు బావా? మనం పంపిన నెయ్యి వెనక్కి పంపించినాడు గదా."

"అదే నా అనుమానం. వాళ్ళది పుచ్చుకున్నాడు గాబట్టే మనది వద్దన్నాడు."

"నంద్యాలలో, కనిగిరిలో చేసి వచ్చినాడు. ఎవరి దగ్గరా తమలపాకు గూడా ముట్టలేదంట."

"మరి నిన్న పొలానికి ఎందుకొచ్చినట్టు? ప్లీడర్లుండగా జడ్జి తానే వచ్చేది ఎక్కడన్నా చూసినావా? ఒక్క మాట అడగలేదు. హద్దు రాయి పెరికించి, గుంటలోకి వంగి చూసి, ఏందో రాసుకొని పోయినాడు."

"వాళ్ళ నాయన సేద్యగాడేనంట. ఈయన ప్లీడరు చదువు చదివేటప్పుడు గూడా సెలవులకొచ్చి మడక దున్నేవాడంట."

"దున్నితే?"

జడ్జి వంగి చూసినదేమిటో బావమరిదికి ఇప్పుడిప్పుడే తోస్తోంది.

"బావా, ఆ గుంటలో ఏముండింది?"

"ఏముంటది? మట్టి, గడ్డి."

"రాయి కిందది ఎండుగడ్డా, పచ్చిదా?"

బావ వీధి వైపు చూశాడు.

"పచ్చిదే. అయితే ఏంది?"

లోపలి నుంచి బంట్రోతు బావమరిది పేరు పెట్టి మూడుసార్లు కేక వేశాడు. అతను లేచి, బావ వైపు తిరిగాడు.

"మీ నాయన ముప్పై ఏండ్ల కిందట పాతిన రాయి అని నన్ను ప్రమాణం చేయమన్నావే బావా!"