ఏనుగుల కొట్టంలో మామగారి పేరు

బిష్కెక్‌లో మా ఫ్లాట్ల గోడలు మరీ పల్చన. పక్కింటి మొగుడూ పెళ్లాలు ఎంత మెల్లగా పోట్లాడుకున్నా నాకు వినిపిస్తుంది. ఇవాళ మెల్లగా కూడా కాదు.

"మా నాన్న మీద పేరు పెట్టి అరిచావట! 'ఒరేయ్ జుమాదిల్, పేడ ఎత్తరా' అని! అమ్మ తలుపేసుకుని కూర్చుంది."

"నేను అరిచింది కంప్యూటర్లో, జూ ఆటలో ఏనుగుల్ని చూసే పనివాడి మీద. వాడికి మామగారి పేరు పెట్టిందెవరు?"

"ఏదో సరదాకి పెట్టాను."

"నీకు సరదా! ఏనుగులు ఆకలితో పడిపోతుంటే వాడు విశ్రాంతి గదిలో కాళ్లు చాపుకుని కూర్చున్నాడు. ఎంతసేపని ఓర్చుకోను?"

"కోడలు మామగారి పేరు పలకకూడదని తెలీదా?"

"పెళ్లైన రోజు నుంచీ తెలుసు. పెట్టేటప్పుడు నీకు తెలీదా?"

"అయితే వాణ్ణి పనిలోంచి తీసేయాల్సింది."

"ఎందుకు? మామగారినే పీకేసిందని మీ తల్లీకొడుకులు ఊరంతా చాటడానికా?"

"గొంతు తగ్గించు! పేరు మార్చేస్తే పోయేదిగా."

"మార్చాను. పొద్దుట్నుంచీ వాడితో పేడే ఎత్తిస్తున్నాను. విశ్రాంతి కూడా లేదు."

"ఏం పేరు పెట్టావ్?"

"మొగుడి పేరు కూడా నోట పలకకూడదుగా. వెళ్లి నువ్వే చదువుకో."